ఖాళీ గడిలో సున్నా పెట్టకు

చిట్టీ,

కాలవ లాకుల దగ్గర రోజూ నీటి మట్టం రాసిన పాత గేజీ రిజిస్టర్లు టైపు చేయించి, పైథాన్‌తో నెలల వారీ లెక్క తీస్తున్నావని మీ నాన్న ఫోన్లో చెప్పాడు. మా అమ్మాయి అని వీధంతా చెప్పుకున్నాను. రాత్రి మాత్రం నిద్ర పట్టలేదు, ఆ రిజిస్టర్ల నిండా ఖాళీలే, వాటిని నువ్వేం చేస్తావోనని.

ఫైలు ఉందో లేదో, ఉన్నా ఉత్తదో ముందే చూసుకో. ఫైలుని లైను లైనుగా చదివే రీడ్‌లైన్ ఖాళీ లైనుకి న్యూలైన్ గుర్తు ఇస్తుంది, ఫైలు అయిపోతేనే ఉత్త స్ట్రింగ్ ఇస్తుంది, రెండూ ఒకటే అనుకుని సగంలో ఆగిపోకు. మాటకి అటూ ఇటూ ఉన్న ఖాళీలు కత్తిరించే స్ట్రిప్ పెట్టేశాం కదా అని ధీమా వద్దు, తెలుగు టైపులో పొల్లు విడిగా నిలవడానికి కొట్టే జీరో విడ్త్ నాన్ జాయినర్ కంటికి కనపడదు, స్ట్రిప్‌కి పోదు.

ఇప్పుడు అసలు సంగతి. మా రోజుల్లో ఒక ఆఫీసు ఇలాగే లెక్కలు కంప్యూటర్లోకి ఎక్కించింది. వరద నెత్తికెక్కిన రోజుల్లో గట్టు మీద దారి మునిగి కాలవ కనిపెట్టుకునుండే లస్కరు గేజీ దాకా వెళ్లలేక గడి వదిలేశాడు. ఆ గడుల్లో వాళ్ల ప్రోగ్రామ్ సున్నా కూర్చోబెట్టింది. రిపోర్టులో సగటు మాత్రమే అచ్చయింది, దాంతో ఊళ్లు మునిగిన నెల ప్రశాంతంగా గడిచిన నెలలా కనపడింది. ధవళేశ్వరంలో 11.75 అడుగులకి మొదటి హెచ్చరిక, 13.75కి రెండోది. రెండడుగుల తేడాకే లంకల్లో జనం సామాన్లు సర్దుకుంటారే, అక్కడ సున్నా ఏంటి? నాకు ఇప్పటికీ ఒళ్లు మండుతుంది.

పైథాన్‌లో పట్టికల లెక్కలు చేసే పాండాస్ ఖాళీని వదిలేసి సగటు తీస్తుందిలే పెదనాన్నా అంటావు. తీస్తుంది, కానీ వదిలేసినవి పెద్ద నీళ్ల రోజులే కదే పిచ్చిదానా! అందుకే ఏ సగటు వేసినా పక్కన ఎన్ని రోజుల లెక్కో వెయ్యి. అలాగని ఖాళీలు ఏరడానికి ‘ఇఫ్ నాట్’ అని రాశావో, పైథాన్‌కి అక్కడ సున్నా కూడా ఖాళీ కిందే లెక్క, నిజం సున్నాలు కూడా పోతాయి. ఎండాకాలం కాలవలు కట్టేసినప్పుడు లస్కరు చూసి రాసిన సున్నా అది, దాన్ని ముట్టుకోకు. డిటో గుర్తులున్న చోట పై గడి అంకె వేసుకో, కానీ అది నువ్వు వేసిందని వేరే కాలమ్‌లో గుర్తు పెట్టు. ఏమీ లేని చోట ఏమీ లేదనే ఉంచు. ఎవరైనా ఖాళీలు బాలేవు, నింపెయ్ అంటే నా పేరు చెప్పు, నేను మాట్లాడతాను.

చిన్నప్పుడు కూడలేని లెక్కకి తోచిన అంకె వేసి నా చేత మొట్టికాయలు తిన్నావు, ఇప్పుడు ఇంత పని నెత్తినేసుకున్నావు. అన్నం వేళకి తింటున్నావా? పండక్కి వచ్చేటప్పుడు లాప్‌టాప్ తీసుకురా, ఒక్క అక్షరం లేని ఫైలు ఇచ్చి నీ ప్రోగ్రామ్ ఏమంటుందో చూస్తాను.

పెదనాన్న