గ్రీకు సహాయనటి గురించి రాసే ముందు

అమ్మాయీ,

గ్రీకు సినిమా తొలి తరం సహాయనటి మీద వ్యాసం రాస్తానన్నావు, సంతోషం. సినిమాల జాబితా ముందేసుకుని మాత్రం మొదలుపెట్టకు. ఆ తరం ఆడవాళ్లకు కూడు పెట్టింది నాటకం. సినిమా పైసంపాదన.

నటి యోర్యియా వసిలియాదునే చూడు. 1897లో ఏథెన్స్‌లో పుట్టింది. ఆమెకు ఇంటింటా పేరు తెచ్చినవి 1954, 1956, 1957 సినిమాలు. జాబితా ఒక్కటే చూస్తే అరవయ్యేళ్ల వయసులో ఆకాశం నుంచి ఊడిపడ్డట్టుంటుంది. అందుకే ఏడాదికో వరుస గీసి, వరుసకు మూడు గళ్లు పెట్టు: చలికాలపు నాటకం, వేసవి నాటకం, సినిమా. ఏథెన్స్ రంగస్థలం ఆ రెండు సీజన్ల మీదే నడిచేది. గళ్లు ఖాళీగా ఉన్నాయంటే ఊరూరా తిరిగే నాటక సమాజాల్లో వెతుకు. వాటిని అక్కడ 'బులూకియా' అంటారు. సినిమా గడి ఖాళీ అయితే అవకాశాలు రాలేదని తేల్చెయ్యకు. 1930లలో గ్రీసులో టాకీలకు తగ్గ స్టూడియోలు లేక కొన్ని గ్రీకు సినిమాలు ఈజిప్టు వెళ్లి తీశారు. 1943లో ఫినోస్ సంస్థ తొలి చిత్రం వచ్చాకే పరిస్థితి మారింది. 1915 నాటి 'గోల్ఫో' సినిమా ప్రింటే మిగల్లేదు. అలాంటివాటికి అప్పటి పత్రికా ప్రకటనలే ఆధారం.

తేదీలతో జాగ్రత్త. గ్రీసు ఇప్పటి క్యాలెండర్‌కు మారడంతో అక్కడ 1923 ఫిబ్రవరి 15 మర్నాడే మార్చి 1 వచ్చింది. అంతకు ముందువి పాత క్యాలెండర్ తేదీలు. 19వ శతాబ్దపువైతే 12 రోజులు కలపాలి, 1900 మార్చి నుంచి 13. 19వ శతాబ్దంలో డిసెంబరు 20న పుట్టిన మనిషి ఇలాగే మరుసటేడు జనవరి 1కి వెళ్తుంది, రెండు పుస్తకాల్లో రెండు పుట్టిన సంవత్సరాలు కనిపిస్తాయి. సినిమాలనూ శరదృతువు నుంచి వసంతం దాకా ఒక సీజన్‌గా లెక్కేస్తారు. 1957-58 అని ఉంటే విడుదల తేదీ చూసి ఒక ఏడాది వెయ్యి.

ఇంటిపేర్లు ఇంకా చిక్కు. భర్తది 'అవ్లొనీతిస్' అయితే భార్యది 'అవ్లొనీతి'. 1983 చట్టానికి ముందు పెళ్లితో పేరు మారేది కాబట్టి పుట్టింటి పేరుతోనూ వెతుకు. లేకపోతే ఒకే మనిషి ఇద్దరవుతుంది.

పాత్రల గురించి 'హాస్యం పండించింది' అని తేల్చెయ్యకు. 1957 సినిమా 'చికాగో అత్త'లో కుర్ర జంటలున్నా, కథ నడిపేది వసిలియాదు వేసిన, అమెరికా నుంచి వచ్చిన అత్తే. అన్న రిటైరైన సైన్యాధికారి, పెళ్లికాని నలుగురు కూతుళ్లు, వాళ్లకు సంబంధాలు కుదిర్చేది ఈవిడే. ఏ సన్నివేశం ఆవిడ లేకపోతే కూలిపోతుందో చెప్పు. మన సూర్యకాంతంతో పోలిక ఒక్క వాక్యం చాలు, దాని మీదే వ్యాసం నడపొద్దు.

పేర్లు ఇంగ్లిషు స్పెల్లింగు చూసి తెలుగులో రాయకు. చివర ఓ, యు ఉంటే పలికేది 'ఉ'. గ్రీకులో మి, పి కలిసి పదం మొదట్లో వస్తే 'బ'. ముందు పేర్ల జాబితా ఒకటి పంపు, చూసి పెడతాను.

ఆశీస్సులతో,
పెదనాన్న