కథానాయకుడు కాకుండానే ఒక నటుడు దేశమంతటికీ ఇంటి మనిషి కాగలడా?

తప్పకుండా కాగలడు. అందుకు నేను చూపే సాక్ష్యం ఒకప్పటి యుగోస్లావియా నటుడు పావ్లే వూయిసిచ్. 1926లో బెల్‌గ్రేడ్‌లో (నేటి సెర్బియా రాజధాని) పుట్టి 1988లో కన్నుమూసిన ఈయన నటనా విద్యాలయంలో పట్టా పుచ్చుకున్నవాడు కాదు. నన్నడిగితే అదే ఆయనకు మేలు చేసింది. సుమారు నాలుగు దశాబ్దాల పాటు ఎక్కువగా పక్క పాత్రలే వేశాడు.

కొన్నేళ్ళ క్రితం, ఆర్టీసీలో కండక్టరుగా పదవీ విరమణ చేసిన మా నాన్నగారితో కలిసి, స్లోబొదాన్ షియాన్ 1980లో తీసిన ‘కో తో తామో పేవా’ సినిమా చూశాను. జర్మనీ విమానాలు బెల్‌గ్రేడ్ మీద బాంబులు కురిపించడానికి ముందురోజు, అంటే 1941 ఏప్రిల్ 5న, ఆ నగరానికి బయలుదేరిన ఒక డొక్కు బస్సు కథ అది. బస్సు యజమానీ కండక్టరూ వూయిసిచ్. నడిపేవాడు ఆయన కొడుకు మిష్కో. బస్సులోకి పందులను ఎక్కించుకోవడానికీ, కొడుకు కళ్ళకు గంతలు కట్టించి బస్సు నడిపించడానికీ ఆయన వెనుకాడడు.

నాన్నగారికి సెర్బియన్ రాదు, ఇంగ్లీషు ఉపశీర్షికలు చదివే ఓపికా లేదు. పోగొట్టుకున్నదేమీ లేదు లెండి, గుక్క తిప్పుకోకుండా సాగిన తిట్లను ఆ ఉపశీర్షికలు మూడు మాటల్లో తేల్చేశాయి. అయినా వూయిసిచ్ ‘వోజి, మిష్కో’ అనగానే, ‘పోనీయ్’ అని నేను అర్థం చెప్పేలోపే, నాన్నగారు, “వీడు యాక్టరు కాదురా, కండక్టరే. అది మా రైట్ రైట్!” అన్నారు. ఎవడు డబ్బు ఎగ్గొడతాడో, ఎవడు గొడవకు దిగుతాడో ముఖం చూసి తూకం వేసే ఆ చూపు, ఉద్యోగంలో అరిగిపోయినవాడికే వస్తుందని ఆయన వాదన. నాకూ అదే నిజమనిపించింది.

మన దగ్గర ‘క్యారెక్టర్ ఆర్టిస్టు’ అంటే హీరో వేషాలు తగ్గాక దొరికే ఉపాధి అన్నట్లు మాట్లాడతారు. 1985లో కాన్ చలనచిత్రోత్సవంలో అత్యున్నత పురస్కారమైన పామ్ ద’ఓర్ గెలిచిన దర్శకుడు కుస్తురిత్సా చిత్రం గురించి వ్యాసాలు రాసేవారు కూడా, అందులో తాత పాత్ర వేసిన వూయిసిచ్‌ను ప్రస్తావించకుండానే దాటిపోతారు. సెర్బియాలో మాత్రం నీష్ నగరపు నటుల చలనచిత్రోత్సవంలో, జీవితకాల కృషికి ఇచ్చే పురస్కారానికి ఆయన పేరే పెట్టుకున్నారు.

మరునాడు నాన్నగారే అడగగా, హాస్యనటుడు చ్కాల్యాతో కలిసి వూయిసిచ్ లారీ డ్రైవరుగా నటించిన 1970ల నాటి టీవీ ధారావాహిక ‘కమియోంజియే’ పెట్టాను. కాసేపు చూసి, ఎంతో గంభీరంగా, “బస్సు అమ్మేసి లారీ కొన్నాడా?” అని అడిగారు.