రేటు పెరిగిందా, సరుకు పెరిగిందా? – పాలమూరు యువ రచయిత్రికి లేఖ

నల్లగొండ

చిరంజీవి బిడ్డకు,

నీ వ్యాసం అందింది. రెండుసార్లు చదివాను, రెండోసారి పెన్సిల్ పట్టుకుని. మన దేశంలోకి ఆడవాళ్ల ఈత దుస్తులు ఎక్కడినుంచి వస్తున్నాయి, ఎవరు పంపుతున్నారు, రాక పెరుగుతోందా తగ్గుతోందా అన్న విషయం ఎంచుకున్నావు. సంతోషం. ఈ మాట చెబితే పాలమూరులో నీ స్నేహితులు నవ్వారని, రాయాలా వద్దా అని టెన్షన్ పడుతున్నానని కూడా రాశావు. ముందు దానికి జవాబు చెప్తాను.

నేను ఈత నేర్చుకున్నది మా ఊరి మోటబావిలో. తొమ్మిదేళ్లుంటాయేమో. నడుముకు ఎండిన సొరకాయ బుర్ర కట్టి మా మేనమామ నీళ్లలోకి దింపాడు. ఒంటి మీద లంగా జాకెట్టు. దూకగానే లంగా గొడుగులా పైకి తేలేది, మరు నిమిషంలో నీళ్లు పీల్చుకుని కాళ్లకు చుట్టుకునేది. మా తమ్ముళ్లు చెడ్డీల మీద ఈ ఒడ్డు నుంచి ఆ ఒడ్డుకు పోతుంటే నేను మెట్ల దగ్గరే కొట్టుకునేదాన్ని. పెద్దమనిషినయ్యాక బావి దిక్కే పోనివ్వలేదు. కృష్ణమ్మ పారే జిల్లాలో పుట్టి ఈత రాకుండా బతికిన ఆడవాళ్లు నాకు వందలమంది తెలుసు. అందులో భయం పాలు కొంత, ఒంటి మీద సరైన బట్ట లేని పాలు కొంత. ఆ బట్ట గురించే నువ్వు రాస్తున్నావు. తలెత్తుకుని రాయి.

అందుకే నీ మొదటి పేరా కొట్టేశాను. గోవా బీచ్‌తో మొదలుపెట్టావు. మన జిల్లాల్లో ఈ సరుకు కోసం దుకాణం మెట్లెక్కేది వేసవి కోచింగ్‌లో పిల్లను చేర్పించిన తల్లి. ఆమె కోసం రాయి. ఆమెకు అర్థమైతే చాలు, ముంబయి వ్యాపారికి కూడా అర్థమవుతుంది.

ఇక అసలు సంగతి. నీ వ్యాసంలో 'దిగుమతులు భారీగా పెరిగాయి' అన్న మాట ఐదుసార్లు వచ్చింది. ఏం పెరిగింది బిడ్డా? రూపాయలా, డాలర్లా, కాస్ట్యూములా?

ఈ ప్రశ్న నాకు నేర్పింది పోచంపల్లి నేతగాడొకాయన. ముప్పై ఏళ్ల కింద, నీలాగే కొత్తలో, పట్టు నూలు దిగుమతుల మీద రాశాను. విలువ పెరిగిన లెక్క కనబడగానే 'మగ్గాల మీదికి చైనా పట్టు వరద' అని హెడ్డింగు పెట్టాను. ఆ కాగితం పట్టుకుని ఆయన దగ్గరికి వెళ్లాను, మెచ్చుకుంటాడని. మగ్గం గుంటలోంచి కాళ్లు తీయకుండానే చదివాడు. 'సరుకేడ పెరిగిందమ్మా, రేటు పెరిగింది. మాకు నూలు దొరుకుతనే లేదు' అన్నాడు. ఇంటికొచ్చి కిలోల లెక్క చూశాను. నిజమే, అంతకు ముందటేడు కన్నా తక్కువ వచ్చింది. తప్పు నాదే. సవరణ వేయించాను గాని, ఆ మగ్గం ముందు నిలబడ్డ ఆ నిమిషం ఇప్పటికీ గుర్తుంది. అప్పటినుంచి 'పెరిగింది' అని రాసేముందు చెయ్యి ఆగుతుంది.

నీ లెక్కకే వద్దాం. ఉదాహరణకు ఏటా లక్ష కాస్ట్యూములు, ఒక్కోటి 4 డాలర్ల చొప్పున వస్తున్నాయనుకో. 2014లో డాలరు 60 రూపాయల దగ్గర ఉన్నప్పుడు ఆ బిల్లు 2 కోట్ల 40 లక్షలు. 2022 చివరికి డాలరు 82 దాటింది. అదే సరుకు, అదే డాలరు ధర, బిల్లు మాత్రం 3 కోట్ల 28 లక్షలు. ఒక్క కాస్ట్యూము కూడా ఎక్కువ రాలేదు, నీ వ్యాసంలో మాత్రం దిగుమతి 37 శాతం పెరుగుతుంది. దీనికి తోడు మన దిగుమతి లెక్కల్లో సరుకు ధర మీద బీమా, ఓడ కిరాయి కూడా కలుస్తాయి. 2021లో కంటైనర్ కిరాయిలు ఎట్లా ఆకాశానికెక్కాయో గుర్తుంది కదా, ఆ భారం కూడా ఈ విలువలోనే కూర్చుంటుంది. పంపిన దేశం రాసుకునే ఎగుమతి లెక్కలో మామూలుగా ఆ కిరాయి ఉండదు. రెండు దేశాల అంకెలు కలవలేదని నువ్వు కంగారుపడి నాకు ఫోన్ చేశావే, కారణాల్లో ఇదొకటి.

పెరుగుదల లెక్కకు 2020-21 సంవత్సరాన్ని ఆధారంగా తీసుకోవడం ఇంకా పెద్ద పొరపాటు. 2020 మార్చి లాక్‌డౌన్‌తో ఈత కొలనులన్నీ మూతపడ్డాయి. అక్టోబరు 15 నుంచి పోటీలకు తయారయ్యే క్రీడాకారులకు మాత్రం తెరిచారు, అందరికీ అనుమతి వచ్చింది 2021 ఫిబ్రవరిలో. కొలనుకు తాళం వేసి ఉంటే కాస్ట్యూము ఎవరు కొంటారు? నూరు ఉన్నది ఇరవైకి పడిపోయి, మళ్లీ అరవైకి లేస్తే అది 200 శాతం వృద్ధి అవుతుంది. పాత నూరుకు ఇంకా నలభై తక్కువే. 2019-20 అంకెను కూడా పక్కనే చూపించు, చదివేవాళ్లకు నిజం తెలుస్తుంది.

ఇంకో చిక్కు మన ఆర్థిక సంవత్సరంతో. వేసవి సరుకు ఎండలు ముదరకముందే రేవులో దిగాలి. ఒక పెద్ద కంటైనర్ మార్చి చివరి వారంలో రావాల్సింది ఏప్రిల్ మొదటి వారంలో వచ్చిందంటే మొత్తం పక్క సంవత్సరం ఖాతాలోకి పోతుంది. ఇట్లాంటి చిన్న మార్కెట్లో ఒకట్రెండు కంటైనర్లు కూడా లెక్కను అటూ ఇటూ చేస్తాయి. నెలవారీ అంకెలు తీసి, జనవరి నుంచి మే దాకా ఒకటిగా కలిపి చూడు.

కోడ్‌ల దగ్గర, అంటే కస్టమ్స్ వాళ్లు ఒక్కో రకం సరుకుకు ఇచ్చే నంబర్ల దగ్గర, నువ్వు పడ్డ కష్టం కనబడింది, బాగానే వెతికావు. కానీ 6112.41 ఒక్కటే తీసుకున్నావు. అది అల్లిక బట్టతో, మన అంగట్లో హోజరీ అంటామే, దానితో కుట్టిన కృత్రిమ నూలు ఈత దుస్తులకు. వేరే నూలుతో అల్లినవి 6112.49లో ఉంటాయి. నేసిన బట్టతో కుట్టినవి ఆ కోడ్‌ల పట్టిక 62వ అధ్యాయంలో, 6211.12 కింద. మూడూ కలిపితేనే బొమ్మ నిండుతుంది. ఈ మూడింటి పేరులోనూ 'స్త్రీలు లేదా బాలికలు' అని ఉంటుంది, చూడు. అంటే నువ్వు మహిళల మార్కెట్ అని రాసినదాంట్లో ఏడేళ్ల పిల్ల వేసుకునే ఫ్రాక్ మోడల్ కాస్ట్యూము కూడా ఉంది. పసిపిల్లల బట్టలు, అంటే 86 సెంటీమీటర్ల ఎత్తు లోపు వాళ్లవి, అల్లినవైతే 6111లోకి పోతాయి. మన వాళ్లు ఇష్టపడే పొడుగు చేతుల టాప్‌ను టీషర్టు లాంటి పైబట్టగా లెక్కగట్టి వేరే కోడ్‌లో రాస్తే అది నీ పట్టికలో కనబడనే కనబడదు. ఇవన్నీ వ్యాసంలో రెండు వాక్యాల్లో చెప్పేయి. లెక్కలో ఏముంది, ఏం లేదు అని ముందే చెప్పిన మనిషి మాట జనం నమ్ముతారు.

దిగుమతి అంటే మార్కెట్ కాదు, ఇది కూడా గుర్తుపెట్టుకో. తిరుప్పూరు లాంటి చోట్ల మన దగ్గరా కుట్టేవాళ్లున్నారు. ఇక్కడ తయారైనదానికి దిగుమతి కలిపి, ఎగుమతి తీసేస్తే మిగిలేది మార్కెట్. ఇక్కడి తయారీ లెక్క నీ దగ్గర లేనప్పుడు 'మార్కెట్లో చైనా వాటా' అని రాయకు, 'దిగుమతుల్లో చైనా వాటా' అని రాయి. అమ్మకానికి పెట్టిన ఏదో నివేదిక నమూనా పేజీలోంచి తెచ్చిన వృద్ధి శాతాన్ని కూడా తీసేశాను. దాన్ని ఎట్లా లెక్కగట్టారో వాళ్లు చెప్పలేదు, నువ్వు చెప్పలేవు.

సప్లయర్ల భాగం నాకు నచ్చింది, అయితే పైపైన పోయింది. ఇక్కడే ఆగి రాయాలి. పంపే దేశాల పేర్లు వరసపెట్టావు గాని, వాళ్లే ఎందుకు అన్నది లేదు. పోయిన వేసవిలో మా మనవరాలికి కాస్ట్యూము కొన్న కథ చెప్తాను, నీకు దారి దొరుకుతుంది.

ప్రకాశం బజారులో మూడు దుకాణాలు తిరిగాను. నాలుగో అతను లోపలి నుంచి ప్లాస్టిక్ కవర్లో ఒకటి తెచ్చాడు. హైదరాబాద్ కోఠిలోని పార్టీ, అంటే సరుకు పంపే వ్యాపారి దగ్గర తెస్తానన్నాడు. వేసింది నలభై రోజులే. వెనక భాగం బట్ట పలచబడి, వెలుతురుకు పట్టుకుంటే అవతలి వేళ్లు కనబడ్డాయి. నడుము దగ్గర సాగి వేలాడింది. అప్పుడు లోపలి లేబుల్ చదివాను. నైలాన్ 80 శాతం, స్పాండెక్స్ 20 శాతం. సాగే గుణం ఇచ్చేది ఆ స్పాండెక్సే, కొలనులో కలిపే క్లోరిన్ ముందుగా తినేదీ దాన్నే. రెండోసారి సగం పాలిస్టర్, సగం పీబీటీ అని రాసి ఉన్నది వెతికి తెప్పించాను. పీబీటీ కూడా పాలిస్టర్ జాతిదే, అల్లికతోనే కొద్దిగా సాగుతుంది, క్లోరిన్‌కు తట్టుకుంటుంది. ధర ఎక్కువ, కానీ ఇప్పటికీ కొత్తదానిలా ఉంది.

ఇందులో నీకు పనికొచ్చే సంగతి ఒకటుంది. రెండూ ఒకే కోడ్‌లో వస్తాయి, 6112.41లో. రేపు ఒక్కో కాస్ట్యూము సగటు దిగుమతి ధర పెరిగిందంటే పాత సరుకే ప్రియమైందేమో, లేక కొనేవాళ్లు ఈ రెండో రకానికి మారారేమో. అంకె రెంటికీ ఒకటే. తేడా చెప్పగలిగేది దుకాణదారు, కోచ్, ఆ లేబుల్.

కుట్టు కూడా తిరగేసి చూడు. ఆ బట్ట మీద మామూలు మిషన్‌తో సూటి కుట్టు వేస్తే, సాగదీయగానే దారం పుట్టుక్కుమంటుంది. ఓవర్‌లాక్ కావాలి, అంచుల్లో ఎలాస్టిక్‌కు జిగ్‌జాగ్ కావాలి, ఆ మిషన్ల మీద చెయ్యి తిరిగినవాళ్లు కావాలి. మా వీధి టైలరు ఎంత పనిమంతుడైనా దీన్ని ఎందుకు ముట్టడో అదీ కారణం. శ్రీలంక ఈ రంగంలో ఎందుకు పైకొచ్చిందో కూడా ఇక్కడే దొరుకుతుంది. 1987లో మొదలైన మాస్ హోల్డింగ్స్ లాంటి కంపెనీలు ఆడవాళ్ల లోదుస్తులతో చెయ్యి దిద్దుకున్నాయి. సాగే బట్ట, ఎలాస్టిక్, ఛాతీ దగ్గరి కప్పులు కుట్టడం అన్నీ ఈత దుస్తులకూ అవే. మాస్‌కు ఈత దుస్తుల కోసం లీనియా ఆక్వా అనే విభాగమే ఉంది. చైనాలో లియావోనింగ్ రాష్ట్రపు సముద్రతీర పట్టణం షింగ్‌చెంగ్ ఈత దుస్తులకే పేరుబడ్డది, మనకు గద్వాల అంటే చీర గుర్తొచ్చినట్టు. బట్ట, ఎలాస్టిక్, కప్పులు, కుట్టేవాళ్లు ఒకేచోట దొరికే ఊరితో ధరలో పోటీపడడం కష్టం. ఇట్లా రాస్తే దేశాల పేర్లు జాబితాలా కాక కథలా నిలబడతాయి.

సుంకాల సంగతి క్లుప్తంగా చాలు, కానీ వదలొద్దు. 2018 జూలై, ఆగస్టు నెలల్లో కేంద్రం వందల రకాల జౌళి సరుకుల మీద దిగుమతి సుంకం 20 శాతానికి పెంచింది. ఆ రెండు నోటిఫికేషన్లు తెరిచి నీ మూడు కోడ్‌లు ఉన్నాయో లేదో నీ కళ్లతో చూసుకో. బంగ్లాదేశ్ దుస్తులకు 2011లో సాఫ్టా, అంటే దక్షిణాసియా దేశాల స్వేచ్ఛా వాణిజ్య ఒప్పందం కింద సుంకం ఎత్తేశారు. 2025 మే 17న మాత్రం ఆ దేశపు రెడీమేడ్ దుస్తులు భూమార్గాన రాకుండా ఆపి, ముంబయి దగ్గరి నవసేవా, కోల్‌కతా ఓడరేవుల ద్వారానే రావాలన్నారు. ఆ తర్వాతి నెలల్లో అంకె మారితే అది ఫ్యాషన్ మారడం వల్ల అని రాసేవు, జాగ్రత్త.

కుట్టిన దేశం, ఓడ ఎక్కించిన దేశం, బిల్లు ఇచ్చిన దేశం మూడూ వేరు కావచ్చు. దుబాయ్, హాంకాంగ్, సింగపూర్ పేర్లు కనబడితే అక్కడ కుట్టారనుకోకు. నువ్వు వాడే పట్టికలో దేశం అంటే ఏ దేశమో కింద చిన్న అక్షరాల్లో చదువు. దుకాణంలో మాత్రం లేబుల్ చెబుతుంది: తయారైన దేశం, దిగుమతిదారు పేరు, చిరునామా, ఎమ్మార్పీ. మా మనవరాలి మొదటి కాస్ట్యూము మీద దిగుమతిదారు చిరునామా ముంబయిది. అంటే నల్లగొండ నుంచి కోఠి, కోఠి నుంచి ముంబయి, అక్కడినుంచి సముద్రం. ఈ దారి ఒక్కటి పట్టుకుని నువ్వు వెళ్లగలిగితే నీ వ్యాసంలో ప్రాణం ఉంటుంది.

భాష విషయంలో ఒకటే మాట. 'జలక్రీడా వస్త్రములు' అని రాశావు. ఎవరూ అనరు. హెడ్డింగులో ఈత దుస్తులు అను, లోపల కాస్ట్యూము అను. 'సరఫరాదారు' ఒకచోట, 'సప్లయర్' ఒకచోట వచ్చినా ఫర్వాలేదు. కోఠిలో మాట్లాడితే వాళ్లు 'పార్టీ' అంటారు, వాళ్ల నోట ఆ మాటే ఉంచు.

వాణిజ్య శాఖ డేటా బ్యాంకులో మూడు కోడ్‌లకూ విలువ పక్కన సంఖ్య కాలమ్ కూడా దించుకో. 2018-19 నుంచి తీసుకో. విలువను సంఖ్యతో భాగించి, ఒక్కో కాస్ట్యూముకు ఎంత పడిందో ఏడాదివారీగా రాసుకో. ఆ కాగితం తీసుకుని క్లాక్ టవర్ దగ్గర స్పోర్ట్స్ షాపులకు వెళ్లు. మధ్యాహ్నం రెండు తర్వాత వెళ్తే బేరాలుండవు, తీరిగ్గా మాట్లాడతారు. కనీసం ఐదు లేబుళ్లు ఫోటో తీసుకో, అడిగి తీసుకో. ఈత నేర్చుకునే ఆడపిల్లల తల్లులు ఇద్దరితోనైనా మాట్లాడు, ఎంత పెట్టి కొన్నారో, ఎన్నాళ్లు వచ్చిందో అడుగు.

మా మనవరాలి పాత కాస్ట్యూము పారేయలేదు. ఈ ఉత్తరంతో పాటు కవర్లో పెట్టి పంపుతున్నాను. వెనక భాగం వెలుతురుకు పట్టి చూడు, తర్వాత లేబుల్ చదువు. ఆ రెండూ చూశాక మొదటి పేరా మళ్లీ రాసి పంపు, మిగతాది తర్వాత చూద్దాం.

ఆశీస్సులతో,
నీ మేడం