లిన్నేయా అని పేరు పెట్టేముందు

అమ్మలూ,

ఆశీస్సులు. పుట్టబోయే పాపకు ‘లిన్నేయా’ అని పేరు పెట్టాలని నీకు బాగా ఉందనీ, మీ ఆయన మాత్రం ఎటూ తేల్చుకోలేకపోతున్నాడనీ రాశావు. నా మాట ముందే చెప్పేస్తాను: పెట్టండి. కాకపోతే వినడానికి బాగుందన్న ఒక్క కారణంతో పెట్టకండి. ఆ పేరు వెనక ఏముందో ముందు మీరిద్దరూ తెలుసుకోండి. నాలుగేళ్లు తిరిగేసరికి పాప అడుగుతుంది, అప్పుడు చెప్పాల్సింది మీరే.

ఆ పేరు ఒక చెట్టు దగ్గర మొదలైంది. దక్షిణ స్వీడన్‌లోని స్మోలాండ్‌లో నిల్స్ ఇంగెమార్సన్ అనే రైతుబిడ్డ ఉండేవాడు. ఇంగెమార్సన్ అంటే ఇంగెమార్ కొడుకు, అంతే. అప్పట్లో అక్కడి రైతు కుటుంబాలకు తరతరాలుగా వచ్చే ఇంటిపేరు ఉండేది కాదు. విశ్వవిద్యాలయంలో చేరేటప్పుడు ఒక ఇంటిపేరు అవసరమైతే, తమ వాళ్ల భూమిలో ఉన్న పెద్ద లిండెన్ చెట్టును తలచుకుని లాటిన్ పద్ధతిలో ‘లిన్నేయస్’ అని పెట్టుకున్నాడు. ఆయన కొడుకే కార్ల్ లిన్నేయస్. 1707లో పుట్టాడు. ప్రతి మొక్కకూ ప్రతి జంతువుకూ రెండు మాటల శాస్త్రీయ నామం ఉండాలన్న పద్ధతిని స్థిరపరచినవాడు ఆయనే.

ఆ కార్ల్‌కు ఉత్తరాది అడవుల్లో పెరిగే ఒక చిన్న తీగ మొక్క ప్రాణం. లైడెన్‌లో ఉండే గ్రొనోవియస్ అనే డచ్చి వృక్షశాస్త్రవేత్త, మిత్రుడి మీద గౌరవంతో దానికి ‘లిన్నేయా’ అని పేరు పెట్టాడు. 1753లో కార్ల్ తన గ్రంథంలో దాన్ని ‘లిన్నేయా బొరియాలిస్’ అని నమోదు చేశాడు. చెట్టు నుంచి ఇంటిపేరు, ఇంటిపేరు నుంచి పువ్వు, పువ్వు నుంచి ఆడపిల్లల పేరు. ఇంత దూరం నడిచి వచ్చిన పేర్లు ఎక్కువ ఉండవు.

పేరున్న మనిషి గుర్తుగా ఏ మహావృక్షానికో పేరు పెడతారనుకుంటాం. ఇది చీలమండ ఎత్తుకు కూడా రాదు. దాన్ని చూడాలంటే మోకాళ్ల మీద కూర్చోవాల్సిందే. జూన్ చివరలోనో జూలైలోనో పైన్ చెట్ల కింద నాచు మీద వెతుకు. సన్నటి కాండం నేల మీద పాకుతూ ఉంటుంది. దానికి చిన్న వేలి గోరంత గుండ్రటి ఆకులు జంటలు జంటలుగా, చలికాలంలో కూడా పచ్చగానే ఉంటాయి. అక్కడక్కడా వెంట్రుక లాంటి కాడ నిటారుగా లేచి, కొసన రెండుగా చీలుతుంది. ఆ రెండు కొసలకూ రెండు లేతగులాబీ గంటలు తలలు వంచుకుని వేలాడుతుంటాయి. ఒక దాని లోపలికి తొంగిచూస్తే ఎర్రటి చారలూ మెత్తటి నూగూ కనిపిస్తాయి. సాయంత్రం పూట చూడు, పువ్వుకంటే ముందు వాసనే తెలుస్తుంది. ఇన్నేళ్లుగా పిల్లలకు ఈ అడవుల్లో మొక్కలు చూపించడమే నా పని. ఈ పువ్వు ముందు వంగిన పిల్ల ఏదీ వెంటనే లేవడం నేను చూడలేదు.

ఇంకో సంగతి. ఈ మొక్క తన పుప్పొడితో తాను గింజ కట్టలేదు, వేరే మొక్క పుప్పొడి కావాలి. అది పాకి పాకి ఒక మడుగంత పరుచుకున్నా, అదంతా ఒకే మొక్క కావచ్చు. స్కాట్లండ్‌లో పైన్ అడవులు తరిగిపోయి ఈ గుంపులు ఒకదానికొకటి దూరమయ్యాక, చాలా చోట్ల పువ్వులు పూస్తున్నా గింజలు సరిగా పట్టడం లేదు. అందుకే అక్కడివాళ్లు ఒక చోటి మొక్కలు తెచ్చి ఇంకో చోట నాటుతున్నారు.

కార్ల్‌కు ఈ మొక్క మీద ఉన్న ప్రేమ దాచుకునేది కాదు. 1737లో వేయించుకున్న చిత్రపటంలో, ఉత్తరాదిన ఉన్న లాప్లండ్ ప్రాంతానికి చేసిన ప్రయాణపు దుస్తుల్లో నిలబడి చేతిలో ఈ పువ్వే పట్టుకున్నాడు. టీ తాగే చైనా పింగాణీ కప్పుల మీద ఇదే బొమ్మ. ప్రభువుల హోదా దక్కాక వంశచిహ్నం మీదా ఇదే. ఎవరూ పట్టించుకోని, కొద్దికాలమే పూసే ఈ చిన్న మొక్క తనలాంటిదేనని స్వయంగా రాసుకున్నాడు. నాకు ఈ పేరులో బాగా నచ్చేది ఇదే. రాణి, విజేత, మహాశక్తి అని అర్థాలు చెప్పే పేర్లు యూరప్‌లో బోలెడు. ఇది నేలకు దగ్గరగా ఉన్న పేరు.

అలాగని కార్ల్‌ను దేవుణ్ణి చేసి పాపకు చెప్పకు. ఆయన మొక్కల్ని విభజించినట్టే మనుషుల్నీ ఖండాలవారీగా, రంగులవారీగా విభజించి, ‘సిస్టమా నేచురే’ అనే తన ఇంకో గ్రంథం 1758 నాటి కూర్పులో ఒక్కో గుంపుకూ ఒక్కో స్వభావం అంటగట్టాడు. ఆసియావాళ్లు దిగులుమనుషులనీ, పేరాశపరులనీ అందులో ఉంది. ఆఫ్రికావాళ్ల గురించి రాసింది ఇంకా ఘోరం. స్వీడన్‌లో పెరిగే మన పిల్ల ఏదో ఒకరోజు బడిలో ఆ పేజీ చూస్తుంది. నీ నోటి నుంచి ముందే విని ఉంటే మంచిది. ఈ ఒక్క కారణంతో పేరు మానుకోవాలని నేను అనను. మీ ఆయన సందేహం ఇదే అయితే మాత్రం తేలిగ్గా కొట్టిపారేయకు, కూర్చుని మాట్లాడుకోండి.

మిగతావి చిన్న విషయాలు. స్వీడన్‌లో ఈ పేరు అరుదు కాదు. రెండో పేరుగానైతే తరతరాలుగా పెడుతూనే ఉన్నారు. తరగతిలో ఇంకో లిన్నేయా ఉంటే ఆశ్చర్యపోకు. అది ఇష్టం లేకపోతే రెండో పేరుగా పెట్టి, పిలిచే పేరు వేరేది ఉంచండి, ఇక్కడ అది మామూలే. పలికేటప్పుడు ఒత్తు ‘నే’ మీద పడాలి. ఇంగ్లిష్ మాట్లాడేవాళ్లు ‘లినియా’ అంటారు, పాప ఓపిగ్గా సరిదిద్దుతుందిలే.

స్వీడిష్‌లో ఈ పేరు రాసేటప్పుడు ‘e’ అక్షరం మీద గీత పెట్టి (Linnéa) రాయడం, పెట్టకుండా (Linnea) రాయడం రెండూ ఉన్నాయి. నన్నడిగితే గీత లేకుండానే నమోదు చేయించు. పాస్‌పోర్టు కింద యంత్రం చదివే వరుసలో ఆ గీత ఎలాగూ ఉండదు, విమాన టికెట్లలోనూ అంతే. ఒక కాగితం మీద ఒకలా, ఇంకో కాగితం మీద ఇంకోలా ఉంటే పెద్దయ్యాక ఆ తిప్పలు పడేది తనే.

పాప పుట్టిన మూడు నెలల్లోగా స్కట్టెవెర్కెట్‌కు, అంటే పన్నుల శాఖకు, పేరు తెలియజేయాలి. కాబట్టి ఆస్పత్రిలోనే తేల్చేయాలన్న కంగారు వద్దు. మొహం చూసి, రెండు వారాలు ఆ పేరుతో పిలిచి చూడండి. మీ ఇద్దరి నోటా సులువుగా పలికితే అప్పుడు పంపండి. ఏది రాశారో నాకు ఫోన్ చేసి చెప్పు, ఊయల దుప్పటి అంచున ఆ అక్షరాలే కుట్టాలి.

మీ పెద్దమ్మ