మైకు ముందుకు వెళ్లబోతున్న మేనకోడలికి

చిరంజీవి మేనకోడలికి, మామయ్య ఆశీస్సులు.

నువ్వు ఉద్యోగం మానేసి స్టాండప్ కామెడీ చేయబోతున్నావని నిన్న రాత్రి మీ అమ్మ ఫోనులో చెప్పింది. ఇరవై ఏళ్లు ఆ మైకు ముందు నిలబడినవాణ్ణి కనుక గర్వంగానే ఉంది. కానీ తొలి ప్రదర్శనకు మీ అమ్మ అలవాట్లనే జోకులకు విషయంగా ఎంచుకున్నావని విన్నప్పటి నుంచి నాకు నిద్ర పట్టలేదు.

మామూలు సంగతులు నీకు తెలిసినవే. జేబులో నోటుపుస్తకం ఉంచుకో. ఓపెన్ మైక్‌లో, అంటే కొత్తవాళ్లకు కాసేపు మైకు ఇచ్చే వేదిక మీద, ఇచ్చిన సమయం దాటకు. ప్రతి ప్రదర్శననూ రికార్డు చేసి మర్నాడు విను. మొదటిరోజు మాట పెగలకపోతే కుంగిపోకు; అమెరికాలో పేరుమోసిన స్టాండప్ కమెడియన్ జెర్రీ సైన్‌ఫెల్డ్ అంతటివాడు 1976లో న్యూయార్క్‌లో తొలిసారి వేదిక ఎక్కినప్పుడు సిద్ధం చేసుకున్నదంతా మరచిపోయి, తాను మాట్లాడదలచిన విషయాల పేర్లు మాత్రం చెప్పి దిగిపోయాడు. అక్కడ పేరుపొందిన జానీ కార్సన్ టీవీ షోలో అవకాశం 1981లో గాని రాలేదు. ఎంతో పేరు వచ్చాక కూడా పాప్‌టార్ట్ అనే తినుబండారం మీద ఒక్క జోకును రెండేళ్లు చెక్కాడు. అంత ఓపిక నీకుంది, చిన్నప్పటి నుంచీ చూస్తున్నాను.

నా భయమంతా వేరు. మీ తాతయ్య ఇల్లు కదిలేముందు తాళాన్ని మూడుసార్లు లాగి చూసేవారు. మూడోసారి లాగాక, పసిబిడ్డ నిద్రపోయిందో లేదోనని తడిమి చూసినట్టు, అరచేతిని తాళం మీదే ఉంచి ఒక్క క్షణం నిలబడేవారు. దాన్ని వేదిక మీద చేసి చూపించాను. ఆ అనుమానం ప్రతి ఇంట్లోనూ ఉండేదే కనుక ‘మేమూ అంతే’ అన్నట్టు హాలంతా నవ్వింది. పరిశీలన మీద నడిచే హాస్యానికి ఆ నవ్వే ప్రాణం. అక్కడ ఆగి ఉంటే సరిపోయేది. ఇంకాస్త నవ్వు కోసం, ఆ ఇంట్లో దొంగ ఎత్తుకుపోదగినది ఏదైనా ఉంటే అది ఆ తాళమేనని కలిపాను. ఆయన ఆ నాలుగు గోడలను ఎలా నిలబెట్టారో తెలిసి కూడా అన్నాను. అంతవరకు అనుమానాన్ని చూసి నవ్వినవాళ్లు, ఆ మాటతో మనిషిని చూసి నవ్వారు. రెండో వరుసలో కూర్చున్న ఆయన కూడా నవ్వారు. ఇంటికి వస్తూ “బాగా చెప్పావురా” అని రెండుసార్లు అన్నారు.

మర్నాటి నుంచి నా ఎదుట తాళం వేసి, దాన్ని ముట్టుకోకుండా చేతులు వెనక్కి కట్టుకునేవారు. నేను వీధి మలుపు తిరిగేదాకా ఆగి, వెనక్కి వెళ్లి లాగి చూసుకునేవారని మీ అమ్మే తరువాత చెప్పింది. క్షమించమని అడగడానికి నాకు పదకొండేళ్లు పట్టింది. “ఎందుకురా, అందరూ నవ్వారుగా” అన్నారు.

అందుకే తల్లీ, రాసుకున్నది ముందు మీ అమ్మకు చదివి వినిపించు. “ఇంకొకటి మరచిపోయావే” అంటూ తానే అందిస్తే ధైర్యంగా వేదిక ఎక్కు. నవ్వేసి, బాగుందని మాత్రం చెప్పి లోపలికి వెళ్లిపోతే, ఆ కాగితం పక్కన పెట్టి ఆమె దగ్గర కాసేపు కూర్చో.

మీ మామయ్య