దావా నడుస్తుండగా కొన్న స్థలం నాదవుతుందా?

ప్రశ్న: 2023లో ఒకాయన దగ్గర ఎకరన్నర భూమిలో 20 సెంట్లు కొని రిజిస్ట్రేషన్ చేయించుకున్నాను. ఈసీ (ఆస్తి మీద లావాదేవీలు చూపే ఎన్‌కంబ్రెన్స్ సర్టిఫికెట్) తీయించి చూసుకునే కొన్నాను. ఆ భూమి మీద ఆయన అక్కచెల్లెళ్లు ఇద్దరూ 2021లోనే పంపకాల దావా వేశారని ఇప్పుడు తెలిసింది. తండ్రి సంపాదించిన ఆస్తి, వీలునామా లేదు, తల్లి కూడా లేరు, వారసులు ఈ ముగ్గురే. అమ్మినాయన డబ్బు తీసుకున్నాక కోర్టుకు వెళ్లడమే మానేశాడట. దస్తావేజు చెల్లదని ఒకరు, తెలియక కొన్నారు కాబట్టి భయం లేదని ఇంకొకరు అంటున్నారు. టెన్షన్‌తో నిద్ర పట్టడం లేదు. ఏం చేయాలి?

జవాబు: ఇద్దరు చెప్పిందీ తప్పే. మీ దస్తావేజు రద్దయిపోలేదు, కాకపోతే ఆ దావాలో వచ్చే తీర్పుకు అది లోబడి ఉంటుంది. 1882 నాటి ఆస్తి బదిలీ చట్టం 52వ సెక్షన్ సారం ఇదే, కోర్టుల్లో లిస్ పెండెన్స్ అంటారు. మీకు తెలుసా తెలియదా అన్న ప్రశ్న ఇక్కడ రాదు. దావా దాఖలైన రోజు నుంచి డిక్రీ పూర్తిగా అమలయ్యేదాకా ఈ సెక్షన్ పనిచేస్తుంది, అప్పీలు వేస్తే ఆ కాలం కూడా కలుస్తుంది.

ఈసీ చూశానన్నారు, మంచిదే. కానీ అందులో కనిపించేది రిజిస్టరైన లావాదేవీలే, దావా వేసినంత మాత్రాన అది ఈసీకి ఎక్కదు. మహారాష్ట్ర, గుజరాత్‌లలో దావా నోటీసును రిజిస్టర్ చేయించే పద్ధతి ఉంది. అలాంటిది దేశమంతా ఉండాలని సుప్రీంకోర్టు 2010లోనే సూచించింది. అది ఉంటే మీలాంటి వాళ్లు ఎంతమంది బయటపడేవారో అనిపిస్తుంది నాకు.

ఇక మీకు అనుకూలమైన సంగతి. ముగ్గురే వారసులైతే ఒక్కొక్కరికి మూడో వంతు, అంటే 150 సెంట్లలో అమ్మినాయనకు 50 సెంట్లు వస్తాయి. మీరు కొన్నది 20. వాటాలు తేలాక వచ్చే తుది డిక్రీ దశలో, కోర్టు నియమించే అడ్వకేట్ కమిషనర్ భూమిని విడగొట్టేటప్పుడు, మీ 20 సెంట్లు అమ్మినాయన వాటాలోనే పడేలా చూడమని కోర్టును అడగవచ్చు. అది మీకు దఖలు పడిన హక్కు కాదు, న్యాయం కోసం అడిగే వెసులుబాటు, అయినా మిగతా వాళ్లకు నష్టం లేనప్పుడు కోర్టులు సాధారణంగా ఒప్పుకుంటాయి. అదే మీ స్థలానికి రోడ్డు ముఖం ఉండి, వెనక భాగం రోడ్డు లేకుండా మిగిలిపోయేలా ఉంటే మాత్రం అక్కచెల్లెళ్లు గట్టిగా అభ్యంతరం చెబుతారు, దానికి సిద్ధంగా ఉండండి.

ఇదంతా అడగాలంటే ముందు మీరు ఆ దావాలో ఉండాలి కదా. అమ్మినాయన రాకపోతే ఏకపక్ష డిక్రీ వస్తుంది, లేదా లోపల్లోపల రాజీ పడిపోతారు. కుమ్మక్కయ్యారని మీరు రుజువు చేయగలిగితే తప్ప ఆ రెండూ మిమ్మల్ని కట్టేస్తాయి. తర్వాత డిక్రీ అమలు (ఎగ్జిక్యూషన్) కోసం కోర్టు అమీనా వచ్చినప్పుడు అడ్డుపడదామంటే సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 21, రూల్ 102 ఆ దారి మూసేసింది. అందుకే మిమ్మల్ని కూడా దావాలో పార్టీగా చేర్చమని ఇప్పుడే ఇంప్లీడ్ పిటిషన్ వేయించండి, ఆర్డర్ 1 రూల్ 10తో పాటు ఆర్డర్ 22 రూల్ 10 కూడా చూపించమనండి. అనుమతి కోర్టు విచక్షణే అయినా, దావా నడుస్తుండగా కొన్న సంస్థను కూడా 2013లో థామ్సన్ ప్రెస్ కేసులో సుప్రీంకోర్టు పార్టీగా చేర్చుకోనిచ్చింది.

దానికంటే ముందు ఈకోర్ట్స్ సైట్‌లో పేరుతో వెతికి దావా నంబరు పట్టుకుని, ప్లెయింట్ (దావా పత్రం) సర్టిఫైడ్ కాపీ తీసుకోండి. అందులో దాఖలు తేదీ, చివర ఆస్తి వివరాలుండే షెడ్యూల్‌లోని సర్వే నంబరు, నాలుగు హద్దులు మీ దస్తావేజుతో ఒక్కో లైనూ సరిచూడండి. మీ స్థలం అసలు ఆ షెడ్యూల్లోనే లేకపోతే కథే వేరు. అమ్మకూడదని కోర్టు నిషేధ ఉత్తర్వు (ఇంజంక్షన్) ఏమైనా ఉందేమో కూడా అడగండి, ఉంటే వ్యవహారం బరువెక్కుతుంది.

అమ్మినాయనను ఊరికే వదలకండి. ఆస్తి మీద ఏ తగాదాలూ లేవని దస్తావేజులో రాసిన వాక్యం వెతికి, దాన్నే చూపిస్తూ లాయరు నోటీసు ఇప్పించండి. స్థలం పోతే డబ్బు, నష్టపరిహారం ఆయన మీద రాబట్టుకోవచ్చు, ఆ దావాకు కాలపరిమితి ఉంటుంది కాబట్టి తేదీలు లాయరుతో లెక్క కట్టించుకోండి. దావా సంగతి దాచి అమ్మినందుకు మోసం ఫిర్యాదు కూడా ఇవ్వవచ్చు, కానీ పోలీసు కేసు స్థలాన్ని నిలబెట్టదు, దాని మీదే ఆధారపడకండి.

వాటాలు తేలేదాకా అక్కడ ఇల్లు మొదలుపెట్టకండి, ఇంకొకరికి అమ్మే ప్రయత్నమూ వద్దు.