వేలిముద్ర పడకపోతే ఎవరిని అడగాలి?

ప్రశ్న: మా నాయనమ్మకు డెబ్బై రెండేళ్లు. నాట్లు వేసి, పత్తి ఏరి ఆమె వేళ్ల గీతలు అరిగిపోయాయి. ఆమె కార్డులో ఆమె ఒక్కతే ఉంది. మూడు నెలలుగా బియ్యం దుకాణంలో వేలిముద్ర పడడం లేదు. డీలరు ‘నా చేతిలో ఏం లేదమ్మా, మిషన్ తీసుకుంటలేదు’ అంటున్నాడు. మండల కార్యాలయంలోనూ అదే మాట. మిషన్ కాదంటే ఇక అడగవలసింది ఎవరిని?
– ఒక పాఠకురాలు, దేవరకొండ

జవాబు: అధికారినే అడగాలి. ‘మిషన్ తీసుకోవడం లేదు’ అన్నది ఒక సమాచారమే తప్ప, బియ్యం ఇవ్వకూడదన్న ఉత్తర్వు కాదు.

ఆ యంత్రం చేసే పని చాలా చిన్నది. గాజుపలక మీద ఆనించిన వేలి గీతలను ఆధార్ నమోదు నాడు తీసిపెట్టిన గీతలతో పోల్చి, కలిశాయో లేదో కేంద్ర సర్వరు నుంచి తెలుసుకుంటుంది. గీతలు అరిగినా, వేలు పొడిబారినా, సిగ్నల్ మధ్యలో తెగినా దుకాణంలో కనిపించే ఫలితం ఒక్కటే, బియ్యం రావు. ఎదుట నిలబడ్డ మనిషికి అర్హత ఉందా లేదా అన్నది యంత్రానికి తెలియదు. నల్లగొండలో ఒక దుకాణం ముందు నేను కొంతసేపు నిలబడి చూశాను. ఒక ముసలమ్మ వేలిని కొంగుతో తుడిచి పెట్టింది, పడలేదు. డీలరు తడిగుడ్డతో రుద్దించాడు, అయినా పడలేదు. రెండు చేతుల వేళ్లూ అయిపోయాక ఆమె వెనక్కి తిరిగి, వరుసలో ఉన్నవాళ్లతో ‘నేను నేనే కదా బిడ్డా’ అన్నది. అక్కడున్న ప్రతి ఒక్కరికీ ఆమె ఎవరో తెలుసు. తెలియనిది ఆ డబ్బాకు ఒక్కదానికే, కానీ ఆ రోజు చెల్లింది దాని మాటే.

చట్టం మీ నాయనమ్మ పక్షానే ఉంది. ఆధార్ కేసులో 2018 సెప్టెంబరు 26న సుప్రీంకోర్టు తీర్పు చెబుతూ, ధ్రువీకరణ విఫలమైందన్న కారణంతో అర్హులెవరికీ పథకం ప్రయోజనం నిరాకరించబోమని అటార్నీ జనరల్ ఇచ్చిన హామీని నమోదు చేసింది. కనుక ముందుగా కనుపాప ద్వారా ధ్రువీకరించమని దుకాణంలో అడగండి, ఆధార్ కేంద్రంలో వేలిముద్రలు కొత్తగా తీయించండి. అంతటితో ఆగవద్దు. ఏ నెలలో, ఏ తేదీన, ఎన్నిసార్లు ప్రయత్నించారో రాసి తహసీల్దారుకు అర్జీ ఇచ్చి రశీదు తీసుకోండి. 2013 నాటి ఆహార భద్రత చట్టం ప్రకారం జిల్లాకొక ఫిర్యాదుల పరిష్కార అధికారి ఉండాలి. సోమవారం కలెక్టరేట్‌లో జరిగే ప్రజావాణిలో, అంటే అర్జీలు తీసుకునే కార్యక్రమంలో, ఆ అధికారి పేరిట అర్జీ ఇవ్వవచ్చు. ఒక నిర్ణయం వల్ల నష్టపోయినవారికి దానికి గల కారణాలు తెలపాలని సమాచార హక్కు చట్టం నాలుగో సెక్షన్ చెబుతుంది. ఆ చట్టం కింద కారణాలు అడుగుతూ దరఖాస్తు పెట్టండి. మండల స్థాయిలో దానికి రుసుము 5 రూపాయలే, జవాబు 30 రోజుల్లో రావాలి. అందులో ‘మిషన్ తీసుకోవడం లేదు’ అని రాసి కింద సంతకం పెట్టడానికి ఏ అధికారీ తేలికగా సిద్ధపడడు. మీ పట్టు అక్కడే ఉంది.

ఇది ఒక్క మీ ఇంటి బాధే అనుకోకండి. మన తెలంగాణలో కంప్యూటర్ సాయంతో అనర్హులని తేల్చి దాదాపు 19 లక్షల రేషన్ కార్డులను రద్దు చేశారు. వాటిని క్షేత్రస్థాయిలో మళ్లీ పరిశీలించాలని 2022 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు ఆదేశించవలసి వచ్చింది. ఇంటికి వెళ్లి పొయ్యి చూసి చేయవలసిన విచారణను జాబితాలను ఒకదానితో ఒకటి సరిపోల్చి ముగించడం ఎంత ప్రమాదమో ఆ ఆదేశం చదివితే తెలుస్తుంది. ఒకే పేరు గల ఇద్దరిని ఒకరిగా లెక్కించడం కంప్యూటర్‌కు క్షణం పని, అదే పేరు గల ఇంకొకరి కారు తన లెక్కలో పడి కార్డు పోతే, ‘ఆ కారు నాది కాదు’ అని నిరూపించుకోవడం కూలి మనిషికి నెలల పని.

ప్రశ్న: మా నాయన పదిహేనేళ్లుగా రెండెకరాలు కౌలుకు చేస్తున్నారు. రైతుబంధు ఒక్కసారీ రాలేదు. ఆన్‌లైన్‌లో ఆయన పేరు ఎక్కడా లేదంటున్నారు. పొలంలో ఉన్న మనిషి కంప్యూటర్‌లో ఎందుకు లేడు?
– ఒక పాఠకుడు, కల్వకుర్తి

జవాబు: ఆయన పేరు రాయడానికి అక్కడ గడి లేకుండా చేశారు కనుక. ఊరి భూముల వివరాలు రాసే పాత పహాణీలో పట్టాదారు పేరుకు ఒక గడి, భూమిని నిజంగా సాగు చేస్తున్న అనుభవదారు పేరుకు మరొక గడి ఉండేవి. 2020 అక్టోబరు 29న మొదలైన ఆన్‌లైన్ భూమి రికార్డుల వ్యవస్థ ధరణిలో ఆ రెండో గడి లేకపోయింది. దానివల్ల తగాదాలు వస్తున్నాయని, రాయించుకోవడానికి డబ్బు చేతులు మారుతోందని చెప్పిన కారణాల్లో నిజం లేకపోలేదు. కానీ గడి తీసేస్తే తగాదా పోయిందో లేదో గాని, కౌలుదారు మాత్రం ప్రభుత్వం కంటికి కనిపించకుండా పోయాడు. అంతకుముందే 2018 మే 10న మొదలైన రైతుబంధు ఎకరానికి పంటకు 4,000 రూపాయల చొప్పున పట్టాదారుకే ఇచ్చింది. ఎండలో నాగలి పట్టినవాడికి కాక కాగితం పట్టుకున్నవాడికి సొమ్ము చేరడం నాకు ఇప్పటికీ అన్యాయంగానే తోస్తుంది.

ఇందులో కంప్యూటర్ తప్పేమీ లేదు. ఏ గడి ఉంచాలి, ఏది తీయాలి అన్నది శాసనసభలోనూ గ్రామసభలోనూ తేల్చవలసిన విధాన నిర్ణయం. అది తెర మీద ఒక ఫారం తయారుచేసే పనిగా మారిపోతే, అభ్యంతరం చెప్పవలసినవాళ్లకు సంగతి తెలిసేసరికి ఫారం అమల్లోకి వచ్చేస్తుంది. పైగా ధరణిలో దొర్లిన తప్పును తహసీల్దారు తన స్థాయిలో దిద్దలేని ఏర్పాటు చేయడంతో, సర్వే నంబరు పొరపాటున నిషేధిత జాబితాలో (అమ్మకం, రిజిస్ట్రేషన్ చేయకూడని భూముల జాబితాలో) పడినవారు కలెక్టరేట్ చుట్టూ తిరిగారు. 2025 ఏప్రిల్ 14న అమల్లోకి వచ్చిన భూభారతి చట్టం తప్పులు దిద్దే అధికారాన్ని కింది స్థాయికి తెచ్చి, అప్పీలుకు దారి చూపింది. మొదట ప్రయోగాత్మకంగా ఎంచుకున్న నాలుగు మండలాల్లో నారాయణపేట జిల్లా మద్దూరు ఒకటి. మీ నాయనగారు మాత్రం ముందుగా, 2011 నాటి సాగుదారుల చట్టం కింద రుణ అర్హత కార్డుకు దరఖాస్తు చేసుకోవాలి. దాని వల్ల భూమి మీద యాజమాన్య హక్కు రాదు, యజమాని భయపడవలసిన పని లేదు. ఆ మాట ఆయనకు ముందే చెప్పండి.

ప్రశ్న: అయితే ఈ కంప్యూటర్లు రాకముందే మేలని మీ అభిప్రాయమా?
– ఒక డిగ్రీ విద్యార్థి, అచ్చంపేట

జవాబు: కాదు. 2006 ఫిబ్రవరి 2న ఉపాధి హామీ మొదలైనప్పుడు మొదటి విడత జిల్లాల్లో మహబూబ్‌నగర్, నల్లగొండ రెండూ ఉన్నాయి. ఎవరి పేరిట ఎన్ని రోజుల పని, ఎంత కూలి చెల్లించారో కంప్యూటర్‌లో నమోదు కావడం వల్లనే, సామాజిక తనిఖీ బృందాలు ఆ వివరాలు అచ్చు తీసుకుని ఇంటింటికీ తిరిగి, గ్రామసభలో పేరు పేరునా చదివి వినిపించగలిగాయి. పనికి రానివాళ్ల పేరున, ఆఖరికి చనిపోయినవాళ్ల పేరున కూలి రాసిన సంగతులు అలాగే బయటపడ్డాయి. ఆ యంత్రం జవాబు అడిగింది ప్రభుత్వాన్ని. అదే పథకంలో 2023 జనవరి 1 నుంచి పనిచోట రోజుకు రెండుసార్లు ఫోటో తీసి యాప్‌లో పెట్టడం తప్పనిసరి చేశారు. మీ పక్కనే నల్లమలలో, సిగ్నల్ కోసం గుట్ట ఎక్కవలసిన చెంచుల పెంటల్లో, అంటే వారి చిన్న గూడేల్లో, ఆ ఫోటో వెళ్లకపోతే పోయేది కూలివాని రోజు కూలి. ఇప్పుడు జవాబు చెప్పవలసింది అతడే అయ్యాడు. మీ ఊరికి కొత్తగా ఏ యాప్ వచ్చినా, అది పనిచేయని రోజు నష్టం ఎవరిమీద పడుతుందో గ్రామసభలో లేచి అడగండి. అడిగిన ప్రశ్నను, చెప్పిన జవాబును తీర్మానాల పుస్తకంలో రాయించండి.